గంగమ్మ రాట్నం

కొత్తవాడలో ఎల్లస్వామి దుప్పట్లు బాగా నేస్తాడని పేరు. అంతకంటే పెద్ద పేరు ఇంకొకటి ఉంది: చేతికి దొరికిన ప్రతి వస్తువునూ విప్పి చూస్తాడని. యాదగిరి ఇంటి గోడ గడియారాన్ని అతను బాగుచేసి ఇచ్చినప్పటినుంచి అది పొద్దున పూట మాత్రమే నడుస్తోంది. అయినా ఎల్లస్వామిని ఎవరూ గట్టిగా ఏమీ అనరు. స్నానం చేసి, సాలెల కులదైవం మార్కండేయుడి పటానికి దండం పెట్టందే మంచినీళ్లు కూడా ముట్టని మనిషి.

ఆ ఏడు ఎండాకాలం అతని భార్య చిలుకమ్మకు కుడి భుజం పట్టేసింది. దవాఖానలో డాక్టరు చెయ్యి ఎత్తించి, దింపించి చూసి, ఇక రాట్నం తిప్పొద్దన్నాడు. మగ్గం మీద నేసేది ఎల్లస్వామే గానీ, మగ్గంలో అటూ ఇటూ పరిగెత్తే నాడెలో పెట్టే కండెలకు రాట్నం మీద నూలు చుట్టేది చిలుకమ్మ. కండె లేకపోతే మగ్గం ఆగినట్టే. ఉన్న ఒక్క కూతురూ తొర్రూరులో కాపురం చేసుకుంటోంది.

సంగతి విని చిలుకమ్మ తమ్ముడు రాంచందర్ నర్సంపేట నుంచి బస్సెక్కి వచ్చాడు.

"బావా, నువ్వు ఆ మగ్గం ఇప్పెయ్యి. పవర్‌లూముల పనికి పో. అక్కను నేను తోలుకపోత. మా ఇంట్ల కూసుండి తింటది."

"తాతల నాటి మగ్గంరా! ఎట్ల ఇప్పుత?"

"మరి రాట్నం ఎవలు తిప్పుతరు? మీ మార్కండేయుడు దిగొస్తడా?"

ఎల్లస్వామి కాసేపు మీసం దువ్వుకున్నాడు. "ఎవలు ముట్టకుంట రాట్నం తిరిగితె అక్కను ఉంచుతవా?"

రాంచందర్ పగలబడి నవ్వాడు. "తిరిగితె ఇంకేం ఫికరు? అమావాస్యకు నాకు కూడ సెలవే. వస్త, చూస్త. తిరగకపోతె అక్క నా ఎంబడి బస్సెక్కుతది. మళ్ల మాట మార్చద్దు."

చిలుకమ్మ వంటింట్లోంచి అంతా విన్నది. ఆమెను ఎవరూ ఏమీ అడగలేదు.

ఎల్లస్వామి ఉత్తమాట అనలేదు. బావమరిది రావడానికి ముందే, పున్నమి తర్వాత ఒకరోజు పూజకని వాకిట్లో రాగి గంగాళం నింపి, అందులో ఒక బంతిపువ్వు వేశాడు. గాలి లేదు. ఆకు కదలడం లేదు. పువ్వు మాత్రం సన్నగా వణుకుతోంది. వంగి చూస్తే నీళ్ల మీద సన్నటి గీతలు, ముసలివాళ్ల చర్మంలాగా. "గంగమ్మ తల్లీ, నువ్వు ఊకె కూసోవా!" అని చేతులు జోడించాడు. ఆ వెంటనే అతనికి ఇంకో ఆలోచన కూడా వచ్చింది. వణికేదానికి బలం ఉంటుంది కదా, ఆ బలం ఎక్కడికి పోతోంది?

రాంచందర్ వెళ్లిన మర్నాడే గంగాళాన్ని సగం దాకా నేలలో పాతాడు. నీళ్ల మీద పలుచటి చెక్క తేలేశాడు. చెక్క మీద సన్నటి వెదురుపుల్ల నిలబెట్టి, దాని కొసకు ఇనుప కొక్కెం కట్టాడు. నీళ్లు వణికినప్పుడల్లా చెక్క లేస్తుంది, కొక్కెం పళ్లచక్రాన్ని ఒక పన్ను ముందుకు నెడుతుంది. చక్రం వెనక్కి పోకుండా ఒక రేకుముక్క అడ్డం. చక్రం నుంచి దారం రాట్నానికి. టిక్కు టిక్కుమంటూ రాట్నం తిరిగింది. మెల్లగానే, కానీ పొద్దంతా తిరిగింది. వాడకట్టు దానికి గంగమ్మ రాట్నమని పేరు పెట్టింది.

గోడ అవతల బాలకిషన్ పవర్‌లూముల షెడ్డు ఉంది. పొద్దున ఎల్లస్వామి పూజ వేళకు మొదలైన మోత చీకటి పడేదాకా సాగేది. ఏళ్ల తరబడి వినీ వినీ ఆ ఇంట్లో ఎవరికీ అది చప్పుడుగానే వినిపించేది కాదు.

అమావాస్య వచ్చింది. ఆ రోజు సాలెవాళ్లు మగ్గం ముట్టరు, నూలు ముట్టరు. అందుకని ఎల్లస్వామి ముందురోజే నూలు ఎక్కించి ఉంచాడు. అందరికీ సెలవే కాబట్టి వాకిలంతా జనం. రాంచందర్ మంచం మీద ఠీవిగా కూర్చున్నాడు.

ఎల్లస్వామి కొబ్బరికాయ కొట్టి, కర్పూరం వెలిగించి, చెక్కను నీళ్ల మీద వదిలాడు.

చక్రం కదల్లేదు.

పువ్వు వేశాడు. పువ్వు పటంలో పువ్వులాగా ఉండిపోయింది. గంగాళంలో ఆకాశం ఒక్క ముడత లేకుండా కనిపిస్తోంది.

"గంగమ్మకు గూడ ఇయ్యాల సెలవేమో!" అన్నారెవరో. "నా గడియారం ఇప్పిన చేతులే గదా ఇవి!" అన్నాడు యాదగిరి. వాకిలి గొల్లుమంది.

ఎల్లస్వామికి నవ్వు రాలేదు. మడిలో ఏం తప్పు జరిగింది? మొక్కులో ఏం లోటు వచ్చింది? ఇన్నాళ్లూ పలికిన తల్లి ఈ రోజే ఎందుకు పలకలేదు?

రాంచందర్ లేచాడు. ఈసారి ఎగతాళి లేదు. "బావా, మాట మాటే. అక్కా, బట్టలు సదురుకో."

అప్పటిదాకా గుమ్మంలో నిలబడ్డ చిలుకమ్మ దిగి వాకిట్లోకి వచ్చింది. "నన్ను అడిగినవారా? బుట్టల కోడి లెక్క ఎత్తుకపోతవా? నేను రాను!" అని కాలెత్తి నేలను గట్టిగా తన్నింది.

టిక్.

ఆ నిశ్శబ్దంలో అది అందరికీ వినపడింది. చిలుకమ్మ గంగాళం వైపు చూసింది. నీళ్ల మీద గుండ్రటి అల అంచుకు తగిలి తిరిగి వస్తోంది. ఆమె ఈసారి చూపు నీళ్ల మీదే ఉంచి మళ్లీ తన్నింది. టిక్.

"ఇగో, ఇను," అంది మొగుడితో. "ఇయ్యాల నీకేం ఇనబడుతాంది?"

"ఏం ఇనబడుతలేదు."

"అదే మరి! బాలకిషన్ షెడ్డు బందున్నది. రోజూ భూమిని అదురగొట్టేది ఆ పవర్‌లూములు."

ఎల్లస్వామి ముఖం చిన్నబోయింది. "అయితే గంగమ్మ కాదా? మోటర్లకా నేను కొబ్బరికాయలు కొట్టింది?"

"మోటరు అదిరిస్తే గోడ గూడ అదురుతది. గోడ తిప్పిందా నీ రాట్నం? తిప్పింది నీళ్లే గదా. కొట్టిన కాయ యాడికి పోలే. జర జరుగు." ఆమె జనంలో ఉన్న సమ్మయ్య వైపు తిరిగింది; చెక్క చిరుతలు వాయిస్తూ అడుగులేసే భజన నడిపించేది అతనే. "సమ్మయ్యన్నా, పొద్దూకితె చేసే భజన ఇప్పుడే మా వాకిట్ల చెయ్యరాదే!"

"అమావాస్యనాడు పని ముట్టద్దే," అన్నాడు ఎల్లస్వామి భయంగా.

"ఎవలు ముడుతాన్లు? మనం దేవుని భజన చేస్తానం."

అతను ఇంకో మాట అనేలోపే చిరుతలు గలగలమన్నాయి. గంగాళం చుట్టూ తిరుగుతూ అందరూ ఒక్కసారిగా అడుగు వేస్తుంటే నేల అదిరింది, నీళ్లు ఉడికినట్టు కదిలాయి, రాట్నం టకటకమంటూ ఎన్నడూ తిరగనంత వేగంగా తిరిగింది. కాసేపటికి రాంచందర్ కూడా ధోవతి ఎగ్గట్టి దూకాడు.

చిలుకమ్మ తమ్ముడు ఖాళీచేసిన మంచం మీద కూర్చుని, చేతులు ఒళ్లో పెట్టుకుని, రాట్నాన్ని చూసింది. గంగమ్మ రాట్నం తిరిగిన ఈ కొన్ని రోజులూ ఆమెకు వంటింటి పనే సరిపోయింది; పెళ్లయినప్పటినుంచి రాట్నం తిరుగుతుంటే ఆమె చేతులు ఒళ్లో ఉండటం అదే మొదలు.

రాంచందర్ రొప్పుతూ ఆగబోయాడు.

"తమ్మీ, ఆగకు," అంది చిలుకమ్మ. "కండె ఇంక నిండలే."

నిండిన కండెను తీయడం మర్నాటికి వాయిదా వేశారు. రాంచందర్ అన్నం తిని ఒక్కడే బస్సుకు బయల్దేరాడు. గుమ్మం దాటి మళ్లీ వెనక్కి వచ్చాడు.

"బావా, మా ఇంట్ల పోరడు ఉయ్యాల ఊపకుంటె నిద్రపోడు. గిసొంటిది ఒకటి చేసిస్తవా?"

"చేస్త," అన్నాడు ఎల్లస్వామి. "కాకపోతె పోరడు పండుకునేదాక నువ్వు కింద ఎగురాలె."