పంతులుగారు వెంట ఉంటారు

తప్పంతా రంగనాయకులు మైకుది. తెనాలిలో రిక్షాకు మైకు కట్టించి నాలుగు రోజులు ఊరంతా ఊదరగొట్టాడు. "ఒక్క రోజులో భట్టిప్రోలు స్తూపం! నిజాంపట్నం సముద్రం! పెనుమూడి రేవులో కృష్ణా స్నానం! పంతులుగారు వెంట ఉంటారు! అన్నీ దగ్గరుండి చూపిస్తారు! రండి బాబూ, రండి!" ఆ పంతుల్ని నేనే. నా పేరు మార్కు. మిషను బళ్లో ముప్పై ఏళ్లుగా చరిత్ర పాఠం చెబుతున్నాను. రంగనాయకులు నా దగ్గర చదివినవాడే. చదువు రాలేదు గాని సొంతానికి ఒక బస్సు వచ్చింది.

"రెండో శనివారం ఒక్కపూట మాస్టారూ, ముందు సీటు మీదే" అని కాళ్లావేళ్లా పడ్డాడు. మా ఆవిడ కుమారి మాత్రం అప్పుడే చెప్పింది. "మోకాళ్లకు నూనె రాయించుకుని ఇంట్లో పడుండక ఈ ఊరేగింపేంటండీ?" అంది. వినాల్సింది. అది డెబ్బై నాలుగు మార్చి. పొద్దున టిఫిన్ వేళకే ఎండ మాడు పగలగొడుతోంది. ఆ బస్సు సీట్లలో దూది ఎప్పుడో చచ్చింది. వేమూరు దాటేసరికి నా నడుము నాది కాకుండా పోయింది.

భట్టిప్రోలులో దిగాం. దిగినవాళ్లు దిబ్బ చుట్టూ ఒకసారి తిరిగి, నా ముఖం చూశారు.

"స్తూపం ఏదండి మాస్టారూ?" అన్నాడు హనుమంతరావు. ఆయనకు తెనాలిలో రైసు మిల్లు ఉంది. భార్యనీ, బావమరుదుల్నీ, వాళ్ల పిల్లల్నీ, మనవణ్నీ వేసుకుని బస్సులో సగం ఆయనే నింపాడు.

"మీరు నిలబడింది దానిమీదేనండి."

"ఇదా? ఇటుకలేగా! మా మిల్లు వెనక ఇంతకంటే పెద్ద కుప్ప ఉంది."

అందరూ నవ్వారు. నాకు ఒళ్లు మండింది. రెండువేల ఏళ్లకు పైబడిన ఇటుకలు నాయనా ఇవి, నీ మిల్లు పునాది ముప్పై ఏళ్లకే బీటలు వారింది కదా అందామని నోటిదాకా వచ్చింది. మింగేశాను. గొంతు పెంచి పాఠం మొదలుపెట్టాను. పూర్వం దొరలు ఇక్కడ తవ్వారనీ, రాతి బరిణెలు దొరికాయనీ, వాటిలో బుద్ధుడివని చెప్పే అస్థికలు ఉన్నాయనీ, స్తూపమంటే అసలు అస్థికల మీద కట్టేదేననీ చెప్పాను. వినేవాడు లేడు. పిల్లలు ఇటుకల మీద నుంచి దూకుతున్నారు. ఆడవాళ్లు పులిహోర పొట్లాలు లెక్కపెడుతున్నారు.

ఒక్క ముసలావిడ మాత్రం కళ్లార్పకుండా విన్నది. అరవై పైనే ఉంటాయి. వెలిసిన నేత చీర, బొట్టు లేని నుదురు. బస్సెక్కినప్పటి నుంచి ఒక గుడ్డసంచీని ఒళ్లోంచి దించలేదు. అందరూ బస్సువైపు కదిలాక నా దగ్గరకొచ్చి మెల్లగా అంది.

"పంతులుగారూ, నా దగ్గరా ఉన్నాయండి."

"ఏంటమ్మా?"

"అస్థికలు. మా ఇంటాయనవి."

సంచీ మూతి కాస్త తెరిచి చూపించింది. లోపల తెల్లగుడ్డ కట్టిన మట్టి ముంత. 

ఆమె పేరు రాఘవమ్మ. దుగ్గిరాల పక్క పల్లె. అర ఎకరం పసుపు చేను, ఇద్దరూ కలిసి చేసుకుని బతికారు. పిల్లలు లేరు. మొగుడు పోతే మరిది కొడుకు కొరివి పెట్టాడు గాని, అస్థికలు కృష్ణలో కలపమంటే ఇదిగో అదిగో అంటూ నెట్టుకొచ్చాడట. ఇంట్లో పెట్టకూడదని ముంతను పెరట్లో వేపకొమ్మకు వేలాడదీసింది. ఎల్లుండితో ఏడాది నిండుతోంది. ఆలోగా కలపకపోతే ఆయన దారీ తెన్నూ లేక తిరుగుతాడని ఆమె భయం. తెనాలి సంతకొచ్చినప్పుడు మైకు వినపడిందట.

"పంతులుగారు వెంట ఉండి అన్నీ దగ్గరుండి జరిపిస్తారన్నారు కదండి. కృష్ణా స్నానం కూడా ఉందన్నారు. దేవుడే పంపించాడనుకున్నా" అంది. నా ముఖంలోకి పరకాయించి చూసి, "మీకూ బొట్టు లేదేంటండి? చెమటకి కారిపోయిందా?" అంది.

అప్పటికి గాని నా మట్టిబుర్రకు ఎక్కలేదు. చూపిస్తారన్నది జరిపిస్తారని వినపడింది. పంతులంటే ఆమెకు తద్దినాలు పెట్టించే పంతులు. నేను బడిపంతుల్ని. అదీ మిషను బడిపంతుల్ని. ఆ మాట అప్పుడే చెప్పేస్తే పోయేది. కానీ డ్రైవరు హారను మీద హారను కొడుతున్నాడు, నా మోకాళ్లు సలుపుతున్నాయి, ఆవిడ చూస్తే ప్రాణమంతా కళ్లలో పెట్టుకుని నిలబడింది. "సాయంత్రం కదమ్మా, చూద్దాం" అన్నాను. ఆ చూద్దాం అన్న మాటతో ఆవిడ ముఖం విప్పారింది. నాకు గుండెలో రాయి పడింది.

రేపల్లె దాటి నిజాంపట్నం చేరేసరికి మిట్టమధ్యాహ్నం. ఎండుచేపల వాసన బస్సుకు ఎదురొచ్చింది. రేవు దగ్గర దింపి మళ్లీ గొంతు సవరించుకున్నాను. మూడున్నర వందల ఏళ్ల కిందట ఇంగ్లీషు దొరలు ఈ తీరాన మొదట సరుకు దింపి కొట్టు తెరిచింది ఇక్కడేననీ, వాళ్లకంటే ముందే వలందాలు, అంటే డచ్చివాళ్లు, వచ్చారనీ, ఇక్కడి అద్దకం గుడ్డలు ఓడలెక్కి దేశాలు దాటి వెళ్లేవనీ చెప్పాను.

"కోట ఏది మాస్టారూ?"

"లేదండి."

"దొరల బంగళాలు?"

"అవీ లేవు."

"మరి ఏం చూడాలండి?" అన్నాడు హనుమంతరావు, చేతులు రెండూ చాపి. "పొద్దున ఇటుకలు చూపించారు. ఇప్పుడు అవీ లేవంటున్నారు!"

ఆయన అన్నదాంట్లో అబద్ధం లేదు. చూడ్డానికి బురద ఉంది, పడవలు ఉన్నాయి, వలలు బాగుచేసుకుంటున్న మనుషులు ఉన్నారు. లేనిదాన్ని చూపించడమే నా ఉద్యోగమై ముప్పై ఏళ్లయింది. బళ్లో అయితే కనీసం నీడ ఉంటుంది. ఇంటికెళ్లి మంచం మీద వాలితే చాలు దేవుడా అనిపించింది.

అన్నాలు తిని బస్సెక్కుతుంటే జరిగింది జరగరాని పని. హనుమంతరావు మనవడు ఆడుకుంటూ ముసలావిడ ఒళ్లోని సంచీని లాగాడు. రాఘవమ్మ కెవ్వున అరిచి ముంతను పట్టుకుంది. తెల్లగుడ్డ కట్టిన ముంతంటే ఏంటో తెలియని ఆడకూతురు మన దేశంలో ఉంటుందా? హనుమంతరావు భార్య పిల్లాణ్ని చంకనేసుకుని ఒక్క దూకున బస్సు దిగింది.

"ఓరి నాయనో! పొద్దుట్నుంచి దాంతోనా కూర్చున్నాం! వచ్చే వారం పెళ్లి పెట్టుకున్నాం ఇంట్లో!"

హనుమంతరావు చిందులు తొక్కాడు. "దిగమ్మా దిగు! ఆ మైల బస్సులో ఉంటే మా వాళ్లెవరూ ఎక్కరు. ఎదురుగా సముద్రం ఉందిగా, అందులో పడేసి రా!"

"కృష్ణలోనే బాబూ" అంది రాఘవమ్మ, ముంతను గుండెకు హత్తుకుని. "పుట్టినకాడ్నించీ కృష్ణ నీళ్లు తాగి, ఆ కాలవల్లోనే మోకాటిలోతు నిలబడి చేను తడుపుకున్నోడు. ఈ ఉప్పునీళ్లలో ఎట్టా ఒదిలేది? పంతులుగారు రేవులో జరిపిస్తానన్నారు."

"ఏ పంతులుగారు?"

ఆమె నావైపు చూసింది. హనుమంతరావు పకపకా నవ్వాడు.

"ఈయనా! ఈయన బడిపంతులమ్మా తల్లీ! అదీ కిరస్తానీ! మార్కు మాస్టారు! మంత్రం కాదు గదా, మంత్రంలో మొదటి ముక్కైనా వచ్చా ఆయనకి?"

రాఘవమ్మ నన్ను ఎగాదిగా చూసింది. బొట్టు లేని నా నుదుటి దగ్గర చూపు ఆగింది.  తిట్టినా బాగుండేది. సిగ్గుతో నా తల వాలిపోయింది, ఆ వెనకే కోపం ముంచుకొచ్చింది. హనుమంతరావు మీదా, రంగనాయకులు మీదా, ఎండ మీదా, పొద్దున్నే నిజం చెప్పి చావని నా మీదా.

"అవునండీ, కిరస్తానీనే!" అని గట్టిగా అరిచాను. "మీ మైల నాకంటదు కదా? ఇటివ్వమ్మా ఆ ముంత! నా ఒళ్లో పెట్టుకుంటాను, డ్రైవరు పక్కన కూర్చుంటాను. మీ పెళ్లికి మీరు వెనక భద్రంగా కూర్చోండి. ఇంకా అభ్యంతరముంటే నడిచి రండి!"

 రాఘవమ్మ ముంత నాకిచ్చింది. ఆవిణ్ని నా వెనక సీట్లో కూర్చోబెట్టాను. నిజాంపట్నం నుంచి పెనుమూడి దాకా, గుంతగుంతకూ ఎగిరిపడే ఆ బస్సులో, ముఖం తెలియని ఒక పసుపు రైతును రెండు చేతులా పొదివిపట్టుకుని కూర్చున్నాను. చేతులు తిమ్మిరెక్కాయి. 

రేవు చేరేసరికి పొద్దు వాలింది, పోటు నీళ్లు మెట్ల మీదికి వచ్చాయి. కుర్రాళ్లు చొక్కాలు విప్పి దబ్బుదబ్బున దూకారు. హనుమంతరావు బలగం మాకు దూరంగా, ఎగువన దిగి మునకలేశారు. రేవులో పిండాలు పెట్టించే బ్రాహ్మడెవరైనా ఉంటారేమోనని నా ఆశ. పడవ దగ్గర విచారించాను. ఉన్న ఒక్క బ్రాహ్మడూ రెండ్రోజులుగా ఊళ్లో లేడన్నారు. ఇక నా వల్ల కాదని మెట్టు మీద చతికిలపడ్డాను.

రాఘవమ్మ వచ్చి పక్కన నిలబడింది.

"లెండి పంతులుగారూ."

"అమ్మా, నాకు మంత్రాలు రావు. నేను చేస్తే మీ లెక్కలో అది చేసినట్టు కాదు. నన్నొదిలెయ్యండి" అన్నాను. నా గొంతు నాకే ఏడుపులా వినపడింది.

"మంత్రాలకేముంది నాయనా, ఎన్నడు అర్థమయ్యాయి గనక. పేరు చెప్పేవాళ్లు కావాలి. ఫలానా ఆయన వస్తున్నాడు తల్లీ అని కృష్ణమ్మకి చెప్పాలా వద్దా? నా నోటితో నేను చెప్పకూడదుగా!"

నాకు అప్పుడు తట్టింది. మొగుడి పేరు ఆడది పలకదు. అంత దూరం ఒళ్లో పెట్టుకుని తెచ్చాను గాని ఆయన పేరేంటో నాకూ తెలియదు. పేర్లు పిలవడమంటారా, పొద్దున్నే హాజరు వేయడం తప్ప ఈ ముప్పై ఏళ్లలో నేను తప్పకుండా చేసిన పని ఇంకోటి లేదు.

"ఆయన పేరేంటమ్మా?"

"అదే చెప్పకూడదంటున్నాగా!"

"మరి నాకెలా తెలుస్తుంది?"

ఆమె కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. "నెలకోసారి వస్తాడు, నిండుగా."

"చంద్రయ్యా?"

"అబ్బే. ఆ వచ్చే రోజుంది చూడు, ఆ రోజు."

"పౌర్ణమి... పున్నమి... పున్నయ్య!"

ఆమె తల దించుకుంది. అరవై దాటిన మనిషి ముఖం కొత్త పెళ్లికూతురి ముఖంలా కందింది. ఇద్దరం నీళ్లలోకి దిగాం. మోకాళ్లు మొరాయించాయి, ఆమె భుజం పట్టుకుని దిగాను. ముంత గుడ్డ విప్పింది. ఏమని మొదలుపెట్టాలో తోచలేదు. నాకు వచ్చిన పద్ధతి ఒక్కటే. వెనక బెంచీ దాకా వినపడేలా పిలిచాను.

"పున్నయ్యా!"

ఈదుతున్న కుర్రాళ్లు ఆగి చూశారు. ఎగువనున్న హనుమంతరావు కూడా తల తిప్పాడు. రాఘవమ్మ ముంత వంచింది. బూడిద నీళ్ల మీద కాసేపు తేలింది. ఆమె సగంలో చెయ్యి ఆపేసింది.

"అయిపోయిందా అమ్మా?"

"ఇంకోసారి పిలవండి పంతులుగారూ" అంది. కళ్లు ధారలు కడుతున్నాయి. "ఏడాదైంది ఆ పేరు చెవిన పడి. అందరూ పోయినాయన, పోయినాయన అంటున్నారు. నేనా, పిలవకూడదు."

 పిలిచాను. ఆమె కాస్త వంచింది. మళ్లీ పిలిచాను. పొద్దున్నుంచి ఇటుకలకూ బురదకూ అరిచి అరిచి ఉన్న గొంతు జీరబోయింది. అయినా పిలిచాను, ముంత ఖాళీ అయ్యేదాకా. ఖాళీ ముంతను కూడా నీళ్లలోకి తోసి, పోటు వెనక్కి తీసి పాటు మొదలై అది మెల్లగా సముద్రం వైపు కదలడం చూస్తూ నిలబడింది.

మెట్ల మీద నుంచి డ్రైవరు హారను కొట్టాడు. నేను మళ్లీ పిలవబోయి నోరు తెరిచాను. ఆమె తడిచేత్తో నా చెయ్యి పట్టుకుంది.

"చాలు పంతులుగారూ. ఇక రాడు లెండి" అంది. "పదండి, మీ మోకాళ్లు జాగ్రత్త."