పక్కవాళ్ల వాల్వు

కోర్టు అమీనా మూడు వాల్వులకూ గొలుసులు చుట్టి తాళాలు వేస్తుంటే అందరూ నిలబడి చూశారు. అడ్డుపడదామంటే పోలీసులు పక్కనే ఉన్నారు. నాలుగో వాల్వు జోలికి అమీనా పోలేదు. అది కాంట్రాక్టరుది.

"బోరు తోబుట్టువులం నలుగురం కలిసి వేయించుకున్నాం బాబూ," అన్నాడు చిన్నకోడలి రెండో బావగారు, తలగుడ్డ చేతిలో నలుపుతూ.

"నాకు చెప్పి లాభం లేదు పెద్దాయనా. కరెంటు కనెక్షను ఎవరి పేరున ఉంది?"

చిక్కంతా అక్కడే ఉంది. బోరు వేసిన రోజుల్లో పెద్దన్న పేరు ఒక్కటే రాయించారు. ఇంటికి పెద్ద కదా, మనలో మనకు కాగితాలేమిటని నవ్వుకున్నారు. ఆ పెద్దన్న పోయాడు. కొడుకు తన వంతు పొలం కాంట్రాక్టరుకు అమ్మాడు. పొలంతోపాటు పేరు పోయింది, పేరుతోపాటు నీళ్లూ పోయాయి. మిగతా ముగ్గురూ కోర్టుకెక్కారు. కేసు తేలేదాకా కనెక్షను ఉన్నవాడే మోటారు వాడుకోవాలని కోర్టు ఉత్తర్వు.

చిన్నకోడలు తన చేను వైపు చూసింది. జుట్టు సగం నెరిసినా ఆ ఇంట్లో ఆమె ఇంకా చిన్నకోడలే. భర్త పోయాక ఆమెకు మిగిలింది ఆ టమాటా చేను ఒక్కటే. పిందె మీద ఉంది. ఇప్పుడు నీళ్లు తప్పితే కాయ నిలవదు. కాయ నిలవకపోతే చేను అమ్ముకోక తప్పదు. కొనేవాడు పక్క చేలో కాచుకునే ఉన్నాడు.

కాంట్రాక్టరు మోటారు వేసినప్పుడల్లా నీళ్లు ఆమె చేని కిందినుంచే పోయేవి. పాతిన పైపు అదురు ఒట్టి పాదాలకు తెలిసేది. కాళ్ల కింద నీళ్లు, కళ్ల ముందు ముడుచుకుపోతున్న ఆకులు.

ఆడపడుచు గొడ్లపాకలో అందరూ కూడారు. కాయలు కోసే కూలీలూ వచ్చారు.

"ప్లీడరు ఏమన్నాడు?" అని అడిగింది చిన్నకోడలు.

"మళ్లీ వాయిదా అన్నాడు," అన్నాడు బావగారు.

"ఆయనకు ఇంకో మాట రాదా? పుట్టినప్పుడు అమ్మా అనకుండా వాయిదా అన్నాడేమో," అంది ఆడపడుచు.

కూలీల మేస్త్రమ్మ నవ్వలేదు. "మీ కోర్టు కాగితాల్లో మా పేర్లే లేవు. చేను ఎండితే ముందు పస్తుండేది మాత్రం మేమే. ఆ తాళాలు పగలగొట్టండి, మేమూ వస్తాం."

"పగలగొడితే కేసు పోతుంది," అన్నాడు బావగారు.

"ఉంటే ఏం పండుతోంది?"

తాళాల జోలికి ఎవరూ పోలేదు. తిట్టుకుంటూ, ఒకరినొకరు అనుమానంగా చూసుకుంటూ ఇళ్లకు పోయారు. ఆ అనుమానానికి కారణముంది. కాంట్రాక్టరు ఎవరింటికి వాళ్లింటికి విడివిడిగా వస్తున్నాడు.

చిన్నకోడలి గుమ్మంలోకీ వచ్చాడు. "అమ్మా, నువ్వొక్కదానివీ కేసులోంచి తప్పుకుంటూ సంతకం పెట్టు. నీ వాల్వు నేనే తీయిస్తాను. వాళ్ల గొడవ నీకెందుకు?"

ఆలోచించి చెబుతానంది. కాదనే మాట నోటికి రాలేదు. ఆ చేను చూసినవాళ్లెవరూ ఆమెను తప్పుపట్టలేరు.

ఆ బోరుకో పద్ధతుంది. వంతు మారేటప్పుడు ముందు పక్కవాళ్ల వాల్వు తెరవాలి, తర్వాతే మనది మూయాలి. మోటారు నడుస్తుండగా అన్నీ మూస్తే నీళ్లకు దారుండదు, పాత పైపు పగులుతుంది. కోడలై వచ్చినవాళ్లకు అత్తగారు పొయ్యి కన్నా ముందు నేర్పిన సంగతి అది. కాంట్రాక్టరు కాపలావాడికి ఎవరూ నేర్పలేదు. నేర్పినా ఏం చేస్తాడు, పక్క వాల్వులకు తాళాలాయె. ఆ పొద్దున తన యజమాని చేను తడవగానే ముందు వాల్వు బిగించాడు, తర్వాత మోటారు ఆపుదామని తీరిగ్గా షెడ్డు వైపు నడిచాడు.

చిన్నకోడలి చేలో నేల పగిలి నీళ్లు నిలువెత్తున లేచాయి.

గట్టు మీదున్న ఆడపడుచు చూసింది. "ఏమే, పెట్టేశావా సంతకం?"

చిన్నకోడలి పాదాలు తడిశాయి. మొక్కల మొదళ్లు నీళ్లు పీలుస్తున్న చప్పుడు వినపడుతోంది. కాపలావాడు షెడ్డు చేరేలోపు నోరు మూసుకుని ఉంటే, తన చేను సగమైనా తడిసేది.

"సంతకం కాదు వదినా, పైపు పగిలింది. పార పట్టుకురా," అంటూ తన గట్టుకు తానే గండి కొట్టింది. నీళ్లు ఆడపడుచు చేలోకి మళ్లాయి. "మేస్త్రమ్మా, షెడ్డు దగ్గరికి పోండి. మోటారు ఆగకూడదు."

కూలీలు షెడ్డు గుమ్మానికి అడ్డంగా కూర్చున్నారు.

"లేవండమ్మా, నా ఉద్యోగం పోతుంది," అన్నాడు కాపలావాడు.

"నీది ఇవాళ పోతోంది నాయనా, మాది ఎప్పుడో పోయింది. నువ్వూ కూర్చో," అంది మేస్త్రమ్మ.

కేసు పోతుందన్న బావగారే పార అందుకుని తన గట్టు వైపు కాలవ తీయడం మొదలుపెట్టాడు. ఆడా మగా బురదలో మోకాళ్లదాకా దిగారు. నీళ్లు ఆయన గట్టు దగ్గరికి వస్తుండగా పోలీసు జీపు వచ్చింది. మోటారు ఆగింది. ఆయన చేను తడవలేదు.

కోర్టు ఉత్తర్వు ధిక్కరించారని, పైపు పగలగొట్టారని ముగ్గుర్నీ పట్టుకుపోయారు. బావగారిని కటకటాల వెనక తోసి, ఆడవాళ్లిద్దర్నీ పక్క గదిలో పెట్టి గొళ్లెం వేశారు. సాయంత్రానికి కాంట్రాక్టరు వచ్చి ఎస్సైతో మాట్లాడి వెళ్లాడు. ఎస్సై స్వయంగా వచ్చి తలుపు తీశాడు.

"ఆయనకు నీ మీద కోపం లేదు. పైపు పగలగొట్టింది మీ బావ అని సంతకం పెట్టి ఇంటికిపో. నీ వాల్వు తీయిస్తానన్నాడు."

చిన్నకోడలు తెరిచిన తలుపు వైపు చూసింది. ఒక్క తడితో చేను బతకదని ఆమెకు తెలుసు. మళ్లీ వాయిదా వచ్చేనాటికి కోతల కాలం దాటిపోతుంది. సంతకం పెడితే నీళ్లొస్తాయి. పెట్టకపోతే చేను పోతుంది. అంతే, ఇంకో దారి లేదు.

"మా బోరు దగ్గర పద్ధతి వేరు బాబూ," అంది. "ముందు పక్కవాళ్లది తెరుస్తాం. మా బావగారి తలుపు తీయండి."

ఎస్సైకి అర్థం కాలేదు. ఆడపడుచు మాత్రం జరిగి గోడ దగ్గర చోటిచ్చింది. "ఇలా కూర్చో. పొద్దుటినుంచీ నిలబడే ఉన్నావు."

తలుపు మళ్లీ మూసేలోపు ముందు గదిలోంచి చెప్పుల చప్పుడు, కానిస్టేబులు అదిలింపు వినిపించాయి. కూలీలు వచ్చారు. చీర అంచులకు బురద ఇంకా ఎండలేదు.

"మోటారు ఆపనివ్వనిది మేము," అంటోంది మేస్త్రమ్మ. "కేసులో మా పేర్లు లేవట. రాసుకోండి."