రంగుల అట్ట పక్కన మొహం

"కాస్త మొహం పెట్టవే అలెంకా, ఎండ పోతోంది," అనేవాడు మా ఆయన బోజిదార్.

వాల్‌నట్ రొట్టెకి పిండి కలుపుతున్నదాన్ని చేతులు తుడుచుకుని, రంగుల అట్ట పట్టుకుని కెమెరా ముందు నిలబడేదాన్ని. ప్రతి రీలు మొదట్లో అట్ట పక్కన ఒక మనిషి మొహం ఉంటే, ల్యాబులో వాళ్ళు ఒంటి రంగు సరిచూసుకుంటారు. అతను కెమెరా వెనక ఉండేది ఆ కాసేపే. తర్వాత అతను వెళ్ళి మంచు నీళ్ళలో నిలబడితే, అదో గొప్ప కళాచిత్రమని మా ల్యుబ్లియానా నగరమంతా మెచ్చుకునేది. అది తీసేది నేను, కత్తిరించి అతికించేది నేను, అతని తడి బట్టలు ఆరేసేది నేను. తెరమీద పేరు మాత్రం అతనిదొక్కటే. "నీకేం కష్టమమ్మా, ఊరికే మొహం చూపించడమేగా," అనేది అత్తగారు సూపు జుర్రుకుంటూ. నా ఒళ్ళు మండిపోయేది.

ఎడిటింగప్పుడు ఆ మొహం ముక్క కోసి బుట్టలో పడేయడం ఆనవాయితీ. కోసేదాన్ని గానీ పడేయబుద్ధయ్యేది కాదు. బిస్కెట్ల డబ్బాలో దాచేదాన్ని. కిందటి నెల, ఇంట్లో ఎవరూ లేనప్పుడు, అన్నీ అతికించి ఆడించి చూశాను. అమ్మో, నా గుండె గంతులేసింది. చెంప మీద పిండితో నేను, నిండు కడుపుతో నేను, ఏడ్చి వాచిన కళ్ళతో నేను, ఒకచోట ఎందుకో పకపకా నవ్వుతూ నేను. పెళ్ళయినప్పటినుంచి నా బతుకంతా అక్కడే ఉంది. ఇది సినిమా కాకపోతే మరేది సినిమా?

ఆదివారం మధ్యాహ్నం ఫిల్మ్ క్లబ్బులో బోజిదార్ కొత్త చిత్రం. రీలు మోసుకెళ్ళే పని ఎప్పటిలాగే నాది. ఈసారి సంచిలో రెండు పెట్టుకున్నాను, అతనిదొకటి, నాదొకటి. బస్సులో నాకు కాలు ఒకచోట నిలవలేదు. ప్రొజెక్టర్ నడిపే మిర్కో "ముందు ఏది వెయ్యాలి?" అని అడిగితే, నాది అతని చేతిలో పెట్టాను.

తెరమీద మొదట నా పేరు. తర్వాత నా మొహం, మళ్ళీ నా మొహం. జనం కాసేపు నవ్వారు. కడుపుతో ఉన్న నేను రాగానే ఆ నవ్వులు ఆగాయి. ముందు వరసలో ఎవరో ముక్కు చీదుకున్నారు.

బోజిదార్ నా చెవిలో గొణిగాడు. "అవి పారేసే ముక్కలు కదే. పొరపాటున వేసినట్టున్నాడు, ఆపమను."

"పొరపాటు కాదు. కూర్చుని చూడు."

అయిపోగానే హాలంతా చప్పట్లు కొట్టింది. ఇంత సంతోషం నేనెరగను. తర్వాత బోజిదార్ చిత్రం వేశారు. బయటికొచ్చాక అతను కోటు గుండీలు పెట్టుకుంటూ, "సర్లే. రేపు వంతెన మీద షూటింగ్, పెందలాడే లేపు," అన్నాడు.

"లేపుతాను," అన్నాను. "రేపు అట్ట పట్టుకోవాల్సింది నువ్వే."