ఒడ్డున గొడుగు పట్టుకున్న అమ్మాయి

డబ్బా మూత తీయగానే గదంతా వెనిగర్ వాసన కొట్టింది. రీలు కుళ్లడం మొదలైందన్నమాట. మూత మీద ‘పడవల పందెం, 1967’ అని తప్ప ఇంకేమీ రాసి లేదు. లావోస్ రాజధాని వియంతియాన్‌లోని మా ఫిల్మ్ భాండాగారంలో ఇలాంటి డబ్బాలు వందలున్నాయి. మూడు వారాలు కూర్చుని, చిరిగిన అంచులు అతికి, ఒక్కో బొమ్మా తుడిచి, కంప్యూటర్‌లోకి ఎక్కించాను.

సంగతి ఎలా పొక్కిందో గానీ, నాకోక్, పాక్‌హై ఊళ్లవాళ్లకు తెలిసిపోయింది. ఆ ఏడు గెలిచింది మేమంటే మేమని రెండు ఊళ్లూ ఇప్పటికీ కీచులాడుకుంటున్నాయి. శనివారం పొద్దున్నే జిగురు అన్నం బుట్టలతో సహా వ్యానుల్లో దిగారు.

“విలైవన్, తలుపు గడియ పెట్టమ్మా! ఓడిపోయాక వీళ్లు పారిపోకుండా,” అన్నాడు నాతో నాకోక్ పెద్దాయన సీసుక్.

“ముందు నీ కళ్లజోడు తుడుచుకో. అప్పుడూ సరిగ్గా కనపడకే గెలిచామనుకున్నారు,” అన్నాడు పాక్‌హై ఉదోన్.

దీపాలు ఆర్పాను. మెకాంగ్ నది మీద రెండు పడవలు పక్కపక్కనే దూసుకొస్తున్నాయి. గదిలో ముసలివాళ్లంతా కుర్చీల్లోనే తెడ్లు వేస్తున్నారు. గమ్యం ఇంకో ఇరవై బారల దూరం ఉందనగా కెమెరా గిర్రున ఒడ్డుకు తిరిగింది. గొడుగు పట్టుకుని చెరకు నములుతున్న ఓ అమ్మాయి. పదకొండు సెకన్లు ఆమే. అంతే, రీలు అయిపోయింది.

“కత్తిరించేశావా?” రెండు ఊళ్లూ మొదటిసారి ఒక్కటై నా మీద పడ్డాయి.

“ఒట్టు తాతా, ఉన్నదింతే!”

వెనక వరసలోంచి పకపకా నవ్వు. పాక్‌హై ఊరి అమ్మమ్మ మణిచాన్.

“అది నేనేరా! ఆ కెమెరా కుర్రాడు పొద్దుట్నించీ నా చుట్టూనే తిరిగాడు.”

“అయితే ఎవరు గెలిచారో నువ్వే చెప్పు వదినా!” అన్నాడు ఉదోన్.

“నేనెక్కడ చూశాను? కెమెరా కేసి చూస్తున్నాగా!”

గదంతా గొల్లుమంది. ఆమె మాత్రం తెర దగ్గరకు వెళ్లి, “వెనక్కి తిప్పమ్మా, ఆపు, అక్కడే,” అంది. గొడుగు పక్కన నిలబడ్డావిడను వేలితో చూపించింది. “సీసుక్, మీ అమ్మ. నాకు చెరకు ఇచ్చింది తనే.”

సీసుక్ లేచి నిలబడ్డాడు.

“మా ఇంట్లో అమ్మ ఫోటో ఒక్కటీ లేదు,” అన్నాడు. “ముఖం మర్చిపోయాననుకున్నా.”

ఉదోన్ తన కుర్చీ తెచ్చి తెర ముందు వేసి, “కూచో, దగ్గర్నుంచి చూడు,” అన్నాడు.

ఆ బొమ్మ పెద్దది చేసి అచ్చు తీసి సీసుక్ చేతికిచ్చాను. తర్వాత పందెం ఊసు ఎవరూ ఎత్తలేదు. ఒడ్డు మీది ముఖాల్ని ఒక్కొక్కటే గుర్తుపడుతుంటే నేను రాసుకుంటూ పోయాను. సాయంత్రానికి నలభై మందిలో ఇరవై ఆరుగురికి పేర్లు దొరికాయి. మిగతావాళ్ల కోసం వచ్చే శనివారం వాళ్లక్కను తీసుకొస్తానంది మణిచాన్. ఆవిడ ఈవిడకంటే ఎక్కువ మాట్లాడుతుందట.