కుందూ ఒడ్డున గుంత

పరంజ్యోతి కుందూ ఏటిలో మోకాళ్ల లోతు నీళ్లలో నిలబడి, పంపుబావి మూతికి బిగించిన ఇనుప జల్లెడను బ్రష్షుతో గీకుతున్నాడు. నాచు, కుళ్లిన ఆకులు, అప్పుడప్పుడూ ఎవరిదో తెగిన చెప్పు. ఇరవై రెండేళ్లుగా తెల్లారితే ఆయనకు ఇదే పని. మనిషి పొట్టి, భుజాలు మాత్రం గట్టివి. నాని నాని కాలివేళ్ల సందులు తెల్లగా పొరలు లేచి ఉంటాయి. నంద్యాలలో నాలుగు వీధులు ఆయన ఎక్కించిన నీళ్లే తాగుతాయి. ఆయన పేరు తెలిసినవాళ్లు పదిమంది ఉంటే గొప్ప.

ఆ రోజు వినాయకుల నిమజ్జనం. పండగ మీద ఆయనకు కోపమేమీ లేదు. బొమ్మలను పంపుబావి పక్క మడుగులోనే వేస్తారు, అదీ ఆయన బాధ. వీధులకు వీధులు పోటీపడి బొమ్మలను పెంచుకుంటూ పోయాయి. తలుపులకు పూసే రంగులే దేవుడికీ పూయడం మొదలుపెట్టారు. కిందటేడు, అంటే ఎనభై మూడులో, నిమజ్జనమైన మర్నాడు కొళాయిల్లో నీళ్లు పచ్చగా వచ్చాయి. ఆయన ఉండే పేటలో పదకొండుమంది పిల్లలకు వాంతులు. ఆయన కొడుకు కూతురు లూదియా నాలుగు రోజులు ఆస్పత్రిలో పడుకుని లేచింది. ఈ ఏడు వానల్లేక కుందూ సన్నగా పారుతోంది. పడిన రంగు కొట్టుకుపోయే దారి లేదు.

చెప్పి చూడలేదా అంటే, చూశాడు. "చర్చికి పొయ్యేటోనివి, మా సామి సంగతి నీకెందుకప్పా?" అని ఒకరు అడిగేసరికి వెనుదిరిగి వచ్చేశాడు. మాటకారి కాడు పాపం, పనివాడు. అందుకే ఈసారి మాటల జోలికి పోకుండా, ఒడ్డు దిగువ పల్లంలో నాలుగు రోజులు ఒంటరిగా గుంత తవ్వాడు. నిలువెత్తు లోతు, ఎద్దులబండి పట్టేంత వెడల్పు. కొళాయికి గొట్టం తగిలించి నిండా నీళ్లు పెట్టాడు.

మధ్యాహ్నం కమలాక్షమ్మ తన ఇంటి మట్టి వినాయకుణ్ణి పట్టుకుని వచ్చింది. డెబ్బై ఏళ్ల పెద్దింటి ఆవిడ. ఆవిడ ఇంటి వినాయకుడు నీళ్లలో దిగితే గాని ఆ దారిన వచ్చే ఏ వీధివాళ్లూ తమ బొమ్మను దించరు. అది ఎప్పటినుంచో వస్తున్న మర్యాద. ఆవిడ వెనక ట్రాక్టరు మీద వీధి బొమ్మ, దాన్ని పట్టుకుని ఆ వీధివాడు వెంకటేశ్వర్లు, ముందు డప్పులు.

"ఏంది పరంజ్యోతీ ఈ గుంత?"

"సామి కోసమేనమ్మా. మడుగులో వేస్తే రంగంతా పంపులోకి వస్తాండాది. పిల్లోళ్లు తాగే నీళ్లు."

"సామిని పూడుస్తామా, సాగనంపుతామా?"

వెంకటేశ్వర్లు పైనుంచి నవ్వాడు. "ఆయప్పకేం తెలుస్తాదమ్మా! పదండి మడుగు కాడికి."

"అవి కుందూ నీళ్లేనమ్మా," అన్నాడు పరంజ్యోతి. "నా పంపు తోడినవే."

"కావచ్చు. నిలిచిన నీళ్లు నిలిచినవే. ఇంట్లోనే ఉద్వాసన చెప్పి వచ్చినాను, సామి ఎప్పుడో పోయినాడు. ఇది ఉత్త మట్టి. అయినా పారే నీళ్లలోనే కలపాల. మా అత్త చెప్పిన మాట నేను తప్పను."

పరంజ్యోతికి లూదియా మొహం కళ్లముందు మెదిలింది. అంతలోనే ఆవిడ మాట ఇంకోసారి విన్నట్టయి తలెత్తాడు.

"పారితే చాలునా అమ్మా?"

"చాలు."

"అయితే రోంతసేపు కూచోండి."

పార తీసుకుని గుంతకు ఎగువకు పోయాడు. చదువు రాకపోయినా నీళ్ల వాలు ఆయనకు కొట్టిన పిండి. ఎక్కడ గండి కొడితే కుందూ కదిలి వస్తుందో కంటితోనే కొలుచుకుని తవ్వడం మొదలుపెట్టాడు. అవతలి వైపు బీడులోకి ఇంకో పాయ తీయాలి. చొక్కా తడిసి వీపుకంటుకుంది. ఊపిరి ఈలలా వస్తోంది. కాసేపు చూసి చూసి వెంకటేశ్వర్లు ట్రాక్టరు దిగాడు.

"ఒక్కనివే ఎప్పటికి తవ్వుతావప్పా! ఇటియ్యి."

డప్పులవాళ్లు కూడా డప్పులు పక్కన పెట్టి దిగారు. పొద్దు వాలేలోపల కుందూ సన్నటి కాలువలో నడిచి వచ్చి, గుంతలో ఒక చుట్టు తిరిగి, బీడులోకి సాగింది. కమలాక్షమ్మ వంగి వేళ్లతో నీళ్లను తాకింది.

"పారతాండాది," అంది, తన వినాయకుణ్ణి వదిలింది.

ఆ వెనక వీధి బొమ్మ, దాని వెనక వచ్చిన తొమ్మిది బొమ్మలూ అందులోనే దిగాయి. మడుగులో ఒక్కటీ పడలేదు. పోతూపోతూ కమలాక్షమ్మ అరటిపండ్లు ఆయన చేతిలో పెట్టింది.

"నైవేద్యం పెట్టినవి కాదులే, తిను."

మర్నాడు జల్లెడకు నాచు తప్ప ఇంకేమీ తగల్లేదు. కొళాయి నీళ్లు తేటగా వచ్చాయి. లూదియా గ్లాసెత్తి గటగటా తాగుతుంటే పరంజ్యోతి గోడకు తిరిగి కళ్లు తుడుచుకున్నాడు.

క్రిస్మస్ దాటాక ఉద్యోగం అయిపోయింది. ఆళ్లగడ్డలో కూతురు దెబోరా ఇంటికి చేరాడు. ఎండాకాలంలో ఒక ఉదయం, తువ్వాలు భుజాన వేసుకుని మంచం మీద కూర్చున్నవాడు కూర్చున్నట్టే పోయాడు. నంద్యాలలో కమలాక్షమ్మ వీధికి ఆ కబురు నెల తర్వాత గాని అందలేదు.

మళ్లీ చవితి వచ్చింది. ఎవరూ చెప్పకుండానే వెంకటేశ్వర్లు మనుషులను వెంటేసుకుని పోయి గుంత తవ్వాడు, రెండు కాలువలూ తీశాడు. ఈసారి పదిహేడు బొమ్మలు వచ్చాయి. మర్నాడు ఎగువ గండి పూడ్చితే నీళ్లన్నీ మెల్లగా బీడులోకి ఇంకిపోయాయి. కమలాక్షమ్మ ఇంటి వినాయకుడు కరిగిపోయిన చోట, మెత్తటి బంకమట్టి మీద, కళ్లుగా అద్దిన రెండు గురివింద గింజలు మిగిలాయి.