వీసా అక్కరలేని దేశం

చెన్నై విమానాశ్రయం కౌంటర్లో కూర్చున్న అమ్మాయి పాస్‌పోర్టును ముందుకీ వెనక్కీ తిప్పి చూసి, పక్కనున్న అతనికి చూపించింది. అతను పెదవి విరిచాడు. ఇవతల నిలబడ్డ ఆరోగ్యమేరి వాపసు టికెట్టు కూడా బయటికి తీసింది.

"అమ్మా, ఈ పాస్‌పోర్టు మార్చితో అయిపోతుంది," అంది ఆ అమ్మాయి తమిళంలో, మెత్తగానే. "మలేషియాలో దిగే రోజుకు ఇంకా ఆరు నెలలైనా గడువుండాలి. మీకు ఐదు కూడా లేవు. మేం ఎక్కించలేం."

"వారంలో తిరిగొచ్చేస్తానమ్మా. వాపసు టికెట్టు కూడా ఉంది, చూడు."

"తెలుసమ్మా. కానీ రూలు అదే."

"మరి వీసా అక్కరలేదన్నారే?"

"వీసా అక్కరలేదు. పాస్‌పోర్టుకు గడువుండాలి కదమ్మా."

వెనక వరుసలో ఎవరో దగ్గారు. ఆరోగ్యమేరి సూట్‌కేసు లాక్కుంటూ పక్కకొచ్చి కుర్చీలో కూలబడింది. అక్కడ అందరూ ఎక్కడికో పోయేవాళ్ళే, ఎవరి తొందర వాళ్ళది. ఫోన్ మోగకముందే తీసి ఆపేసింది.

ఆమెకు నలభై ఎనిమిదేళ్ళు. తిరువళ్ళూరు పెరియకుప్పంలో ఒంటిగది పోర్షన్లో ఉంటుంది. కాకలూరు ఎస్టేట్లో ఒక బిస్కెట్ల ఫ్యాక్టరీలో ప్యాకింగ్ పని. పిల్లల్లేరు. మొగుడు పాల్‌రాజ్ వెల్డరు. మలేషియాలో పనిచేస్తూ రెండేళ్ళకొకసారి వచ్చి పోయేవాడు. ఆ పాస్‌పోర్టు అతను దగ్గరుండి తీయించిందే. "నువ్వూ ఒకసారి వచ్చి చూసి పో మేరీ, పదైదు దినాలుండి పోదువు," అనేవాడు. అప్పట్లో వీసా కావాలి. ఏజెంటు బ్యాంకు కాగితం అడిగేవాడు, జీతం చీటీ అడిగేవాడు. అవి కుదిరేసరికి అక్కడ పాల్‌రాజ్‌కు లీవు దొరికేది కాదు. వచ్చే ఏడు, వచ్చే ఏడు అనుకుంటూ ఉండగానే కరోనా వచ్చి ఆ దేశం తలుపులు మూసుకుంది. పాల్‌రాజ్ అక్కడి ఆసుపత్రిలోనే పోయాడు. అక్కడే పూడ్చిపెట్టారు. అతనితో ఒకే గదిలో ఉన్న పొదటూరుపేట మనిషి, ఏసు, ఫోన్ చేసి చెప్పాడు. ఆరోగ్యమేరి ఆఫీసుల మెట్లు ఎక్కింది, దిగింది, అంతే.

ఆ తర్వాత ఏటా నవంబరులో కల్లరై పండుగ, అదే సమాధుల పండుగ, వచ్చిందంటే ఆమెకు కాలూ చెయ్యీ ఆడేది కాదు. వీధిలోని క్రైస్తవులంతా తమవాళ్ళ సమాధులు కడిగి, పూలు పెట్టి, కొవ్వొత్తులు వెలిగించుకుంటారు. ఈమెకు కడిగే రాయి లేదు. ఎవరి సమాధి దగ్గరో నిలబడి, వాళ్ళకు నీళ్ళ బిందె అందించి వచ్చేసేది.

ఈ ఏడు పక్క పోర్షన్లో ఉండే మోనిషా పరిగెత్తుకుంటూ వచ్చింది. "అత్తా, మలేషియాకు ఇప్పుడు వీసానే వొద్దంట! ఫోన్లో అరైవల్ కార్డు నింపితే చాలంట. నెల దాకా ఉండొచ్చంట!"

టికెట్టు ఆ పిల్లే తీసింది. ప్రయాణం ఇంకో రెండు రోజులుందనగా వాకిట్లో కూర్చుని కార్డు కూడా ఆ పిల్లే నింపింది.

"యేంటికి పోతాండారని అడుగుతాంది అత్తా. ఊరు చూసేదానికా, బిజినెస్సా, సొంతక్కారులను, అదే చుట్టాలను, చూసేదానికా?"

ఆరోగ్యమేరి కాసేపు ఆలోచించింది. "సొంతక్కారులను చూసేదానికని పెట్టు," అంది.

పాస్‌పోర్టు గడువు తేదీ కూడా మోనిషా ఆ పూటే టైపు చేసింది. ఇద్దరిలో ఎవరూ దాని దగ్గర ఆగలేదు.

ఇక ఈ పొద్దున వీధి వీధంతా వాకిళ్ళలోకి వచ్చింది. ఎదురింటి కోకిలమ్మ నిమ్మకాయ ఊరగాయ సీసాలో కట్టి ఇచ్చింది. సూట్‌కేసు పక్కన నిలబెట్టి ఫోటోలు తీశారు. ఆరోగ్యమేరిని వీధి అంతసేపు చూడటం అదే మొదటిసారి.

విమానాశ్రయం నుంచి ఆమె సెంట్రల్‌కు వచ్చి తిరుత్తణి లోకల్ ఎక్కింది. టికెట్టు తిరువళ్ళూరుకే తీసింది. దిగుదామనే అనుకుంది. బండి తిరువళ్ళూరులో ఆగేసరికి ప్లాట్‌ఫారం మీద కోకిలమ్మ కొడుకు ఎవరితోనో మాట్లాడుతూ నిలబడి ఉన్నాడు. పొద్దున సూట్‌కేసు ఆటోలో పెట్టినవాడు. పరదేశం పోయిన మనిషి పొద్దుగూకక ముందే ఇంటికొచ్చిందని ఈ వీధి ఎన్నాళ్ళు చెప్పుకుంటుందో అనుకుంది. లేవాలని సీటు అంచుకు జరిగింది. మళ్ళీ కిటికీకి దూరంగా జరిగి కూర్చుంది. బండి కదిలింది. ఎగటూరు పోయింది, కడంబత్తూరు పోయింది. అరక్కోణంలో సగం పెట్టె ఖాళీ అయింది. బండి ఇక పోదన్నచోట, తిరుత్తణిలో, దిగింది.

మురుగన్ గుడి ఉన్న కొండ కింద బజారులో లాడ్జీలకు కొదవలేదు. మొదట కనబడినదాంట్లోకి పోయింది.

"ఎంతమంది?" అన్నాడు కౌంటర్ అతను.

"నేనొకతినే."

"కొండకేనా?"

"ఆఁ," అంది. అతను ఆధార్ కార్డు మీది పేరు చదివి, ఆమె మెడలోని సిలువ చూసి, ఇంకేమీ అడక్కుండా తాళం ఇచ్చాడు.

ఆ గదిలో మంచమూ కుర్చీ, గోడకు మురుగన్ క్యాలెండరూ ఉన్నాయి. పక్క గదిలో ఎవరిదో పెద్ద కుటుంబం. గుండ్లు కొట్టించుకున్న పిల్లలు ఒకరి తల ఒకరు నిమురుకుని నవ్వుకుంటున్నారు. వరండాలో మురుగన్‌కు "అరోగరా" అంటూ ఎవరో కేక వేస్తే పది గొంతులు అందుకున్నాయి. ఆరోగ్యమేరి తలుపు గడియ పెట్టుకుంది. సూట్‌కేసు తెరవలేదు. వారం రోజులు ఇక్కడే ఉండి, చెప్పిన రోజుకు చెప్పినట్టు ఇంటికి పోతే సరిపోతుందనుకుంది. అంతకంటే ముందుకు ఆలోచన సాగలేదు.

మర్నాడు పొద్దున ఫోన్ తెరిచింది. మోనిషా మెసేజ్: "చేరినావా అత్తా? ఫోటో పంపు." ఆరోగ్యమేరి "చేరినా" అని కొట్టింది. అబద్ధం ఇంత సులువుగా పోతుందని ఆమె అనుకోలేదు. ఆ మెసేజ్ కింద ఏసు చేసిన కాల్స్ ఉన్నాయి. వేలితో పైకి తోస్తుంటే వస్తూనే ఉన్నాయి.

అప్పుడు గుర్తుకొచ్చింది. తన వీధి ఏమనుకుంటుందోనని నిన్నంతా కుమిలింది గానీ, అవతల విమానాశ్రయంలో ఒక మనిషి తన కోసం నిలబడి ఉంటాడన్న సంగతే తట్టలేదు. వెంటనే ఏసుకు ఫోన్ చేసింది.

"అక్కా! యాడుండావు? బాగుండావా?"

"బాగుండా తంబీ."

"అందరూ బయటికొచ్చేదాకా నిలబడినా. నిన్ను లోపల పట్టుకున్నారేమోనని ఆఫీసరును అడిగినా. ఆ పేరుతో ఎవురూ దిగలేదన్నాడు."

ఆమె జరిగిందంతా చెప్పింది. లాడ్జీ సంగతి కూడా దాచలేదు. అబద్ధం మొదలుపెట్టి ఒక రోజైనా కాలేదు, అయినా ఏళ్ళ తర్వాత నిజం మాట్లాడినట్టనిపించింది.

ఏసు అంతా విన్నాడు. తర్వాత, "అక్కా, తప్పుగా తీసుకోవద్దు. నువ్వు రాలేదంటే నాకు కొంచెం నిమ్మళంగా ఉంది," అన్నాడు.

"యేంటికప్పా?"

"నువ్వొస్తాండావని పోయిన వారం గడ్డి పీకి శుద్ధం చేద్దామని పోయినా. ఆడంతా వానలకు నేల కుంగిపోయింది. మేము పెట్టిన సిలువ లేదు. ఏ సిలువా లేదు. ఏది ఎవురిదో ఆఫీసులో వాళ్ళకే తెలీదంట. అన్న ఉండే వరస మాత్రం చూపించినారు. నువ్వు టికెట్టు తీసేసినావు, ఫోన్లో ఎట్ల చెప్పేది? నేరుగా చెప్పుదామని నోరు మూసుకున్నా."

ఆరోగ్యమేరి క్యాలెండరు వైపు చూస్తూ కూర్చుంది. పక్క గది పిల్లలు మెట్ల మీద దడదడా దిగిపోయారు. ఆ చప్పుడు పోయాక లాడ్జీ అంతా ఖాళీ అయిపోయింది.

"అక్కా, ఉండావా?"

"ఉండా. ఆ వరసలో ఎంతమందుంటారు?"

"ఇరవై మందికి తక్కువుండరు. నేపాలోళ్ళు, ఫిలిప్పీనోళ్ళు. మనోళ్ళు కొందరు."

"వాళ్ళ కోసం ఎవురన్నా వస్తారా?"

"నేను పోయినపుడు ఎవురినీ చూడలేదక్కా."

ఆమె ఫోన్ పెట్టేసి చాలాసేపు ఏడ్చింది. ఇన్నేళ్ళూ పాల్‌రాజ్ దూరంలో ఉన్నాడనుకుంది గానీ, దొరకడనుకోలేదు. లాడ్జీలో గదులు ఊడ్చే వళ్ళియమ్మ తలుపు తట్టింది. ఆరోగ్యమేరి కళ్ళు తుడుచుకుని తీసింది.

"ఒక్కదానివే వచ్చినావామ్మా?" అంది వళ్ళియమ్మ, మంచం కింద చీపురు పోనిస్తూ.

"ఒక్కదాన్నే."

"కొండకు పోలా?"

"లేదు."

"సరే, కాళ్ళు ఎత్తుకో," అంది వళ్ళియమ్మ. ఊడ్చి, వెళ్ళిపోయింది.

ఆ మధ్యాహ్నమే ఆరోగ్యమేరి గది ఖాళీ చేసింది. తిరువళ్ళూరులో దిగి, సూట్‌కేసు చక్రాలు గడగడమంటుండగా ఎండలో వీధి మధ్యన నడుచుకుంటూ వచ్చింది. నీళ్ళు పట్టుకుంటున్న ఆడవాళ్ళు బిందెలు వదిలి చూశారు. ఆమె తల దించలేదు. మోనిషా ఆ రోజు ఇంట్లోనే కంప్యూటర్ ముందు ఉంది.

"అత్తా! నువ్వు..."

"పోలా. పాస్‌పోర్టుకు ఆరు నెలలు లేదని తిప్పి పంపినారు. చేరినానని నీకు అబద్ధం చెప్పినా."

మోనిషా తల పట్టుకుంది. "ఆ డేటు నేనే గదత్తా కొట్టినా!"

"వీసా వొద్దనే సంతోషంలో ఇద్దరం ఉండాము. నీ తప్పేముంది."

వీధి నాలుగు రోజులు నవ్వుకుంది. కోకిలమ్మ ఊరగాయ సీసా వాపసు తీసుకోనంది. ఐదో రోజు ఎవరికీ గుర్తులేదు. ఇందుకా నేను లాడ్జీలో దాక్కున్నాను అని ఆరోగ్యమేరికి ఆశ్చర్యమేసింది. తాను నిజంగా వారం రోజులు లేకపోయినా వీధికి పెద్ద తేడా ఉండేది కాదని కూడా ఆమెకు అర్థమైంది. ఆ సంగతి ఎవరితోనూ అనలేదు.

కొత్త పాస్‌పోర్టు వచ్చాక, ఈసారి మోనిషాను పక్కన కూర్చోబెట్టుకుని, ప్రతి గడీ రెండుసార్లు చదివి కార్డు తానే నింపింది. ఎండలు ముదరకముందే పోయింది.

విమానం దిగిన మర్నాడు ఏసు ఆమెను స్కూటర్ మీద తీసుకుపోయాడు. ఊరి చివర పామాయిల్ తోట పక్కన ఉంది ఆ సమాధుల దొడ్డి. అతను చూపించిన వరుసలో గడ్డి మోకాలెత్తున ఉంది. ఇద్దరూ మాట్లాడుకోకుండా పొద్దు నడినెత్తికి వచ్చేదాకా గడ్డి పీకారు. కుంగిన చోటల్లా ఒక కొవ్వొత్తి నాటారు. గాలికి కొన్ని ఆరిపోతే ఆరోగ్యమేరి మళ్ళీ వెలిగించింది. ఒక చివర నుంచి ఇంకో చివరకు నడిచింది. ఎక్కడా ఎక్కువసేపు నిలబడలేదు. ఏ ఒక్కదాన్నీ నిలబడకుండా దాటిపోలేదు. ఎక్కడో ఒకచోట ఒళ్ళు జలదరిస్తుందని, ఇతనే అని లోపల ఏదో చెబుతుందని ఆశపడింది. చివరకు వచ్చాక తిరిగి మళ్ళీ నడిచింది.

ఏసు గేటు దగ్గర చేతులు కడుక్కుంటున్నాడు. ఆమె వచ్చాక కొంచెం వెనకాడి అడిగాడు: "ఏదన్నా తెలిసిందా అక్కా? అన్న యాడుండాడని?"

ఆరోగ్యమేరి చేతుల మట్టి చూసుకుంది.

"ఏమీ తెలీలేదు తంబీ," అంది. "ఆకలైతాంది. యాడన్నా తిందాం, పా."