పుట్టింటి చీర రంగు

వెంకటవ్వ తమ్ముణ్ణి అడిగింది ఒక్కటే. తనకు కప్పబోయే పుట్టింటి చీర ఏ రంగుదో కళ్లారా చూపించమంది.

ఆడబిడ్డ పోతే పుట్టింటివాళ్లు చీర కప్పి సాగనంపాలి. ఆమె పుట్టింట్లో మిగిలింది గంగారాం ఒక్కడే. ముప్ఫై ఏళ్లుగా సూరత్‌లో మరమగ్గాల సాంచల మీద చీరల బట్ట నేస్తున్నాడు మహానుభావుడు. అక్కకు మాత్రం ఒక్కటీ పెట్టలేదు. సిరిసిల్ల డాక్టర్లు ఆమెను ఇంటికి తీసుకుపొమ్మన్నారని తెలిశాక పొద్దున్నే పరుగెత్తి చీర కొన్నాడు. రైలేమో రేపు. అక్క రేపటిదాకా ఉంటుందో లేదో.

సూరత్ లింబాయత్ గల్లీలోని గంగారాం ఇంట్లో మొబైల్ సిగ్నల్ అందదు, వైఫైయే దిక్కు. తీరా వీడియో కాల్ చేస్తే బొమ్మంతా ముక్కలు ముక్కలు.

"నల్లగ కనవడ్తున్నదిరా తమ్మీ. నల్లచీర తెచ్చినవా?" అంది వెంకటవ్వ.

ముత్తయిదువగా పోతున్న మనిషికి నల్లచీరా! గంగారాం ప్రాణం ఉసూరుమంది. "కాదక్కా, పచ్చది! ఎర్రంచు!" అని అరిచాడు. ఆ మాటా సగమే చేరింది.

కూతురు సింధూజ రూటర్‌ను ఇనప బీరువా వెనక నుంచి తీసి బల్ల మీద పెట్టింది. సెట్టింగుల్లోకి వెళ్లి, ఇరుగుపొరుగంతా వాడుతున్న చానెల్ వదిలేసి ఖాళీగా ఉన్నదానికి మార్చింది. బొమ్మ కాస్త కుదుటపడింది. చీర మాత్రం ఇంకా నల్లగానే ఉందట.

"రూటర్‌కు కొత్త ఫర్మ్‌వేర్ అప్‌డేట్ వచ్చింది బాపూ. ఏస్తే మంచిగైతదేమో. కని ఇప్పుడొద్దు, పది నిమిషాలు నెట్ బంద్ అయితది. గింతతోనే మాట్లాడు."

"పోగు తెగినంక ముడెయ్యకుండ సాంచ నడుపుతరా బిడ్డా? ఆపి, సక్కగ చేసినంకనే నడపాలె. ఎయ్."

సింధూజ నొక్కింది. రూటర్ మీద ఎర్రదీపం కొట్టుకోసాగింది. గంగారాం చీర మడతలు విప్పి ట్యూబులైటు కింద పట్టుకుని నిలబడ్డాడు. ఐదు నిమిషాలకే గుబులు పుట్టింది.

"ఆపెయ్ బిడ్డా. ఎట్లున్నా మాట్లాడ్త."

"మధ్యల ఆపితే మొత్తానికే ఖరాబైతది బాపూ."

చివరికి పచ్చదీపం వెలిగింది. ఆ వెంటనే ఫోన్ మోగింది. అబ్బ, ఎంత స్పష్టం! అక్కడి గోడ మీది క్యాలెండర్‌లో తేదీలు కూడా చదవొచ్చు. వెంకటవ్వ కొడుకు బిక్షపతి ముఖం మీద కన్నీళ్లు కూడా విడివిడిగా కనిపించాయి.

"మామా, అవ్వ పోయింది. తమ్ముడు నల్లది తెచ్చిండా అనుకుంటనే పోయింది."

పది నిమిషాలు ఓపిక పట్టలేకపోయిందని అక్క మీద కోపమొచ్చింది గంగారాంకు. మరుక్షణమే తన మీద తనకే అసహ్యం వేసి భోరుమన్నాడు.

"ఫోన్ జర అక్క మొకం కాడికి తీస్కపో బిక్షపతీ."

బిక్షపతి తీసుకెళ్లాడు. గంగారాం చీరను రెండు చేతులా పైకెత్తాడు.

"పచ్చదే అక్కా, సూడు," అన్నాడు. ఈసారి మాట ఎక్కడా తెగలేదు.